పెరిగింది అనాలి

ఆ రోజు మా ఇంట్లో ఎవరెవరు ఉన్నారంటే: కుంపటి ముందు బాపు, ఆయన పక్కన నీళ్ల చెంబుతో నన్ను కన్న అవ్వ, గోడకు ఆనుకుని నాయినమ్మ శంకరవ్వ. చాప మీద బుచ్చిరాములు పటేలు, ఆయన భార్య కిష్టవ్వ. వాకిట్లో డప్పులు పక్కన పెట్టుకుని బీడీలు తాగుతున్న ఇద్దరు మనుషులు. వంటింటి తలుపు చాటున నేను. నా భుజం మీద గడ్డం ఆనించి నా వెనుక గంగుబాయి. గంగుబాయిని లెక్కలోకి తీసుకోకూడదు. పెండ్లికూతురు తన పుస్తె చేస్తుండగా చూడకూడదు. పటేలు బిడ్డ కాబట్టి దొడ్డి గోడ దూకి వచ్చినా ఎవరూ ఏమీ అనరని ఆమెకు తెలుసు. నేనే తలుపును ఇంకొంచెం దగ్గరికి లాగాను.

మా ఖానాపూర్ దిక్కు పెండ్లికూతురికి రెండు పుస్తెలు కడతారు. ఒకటి అత్తింటివాళ్లు తెస్తారు, ఒకటి పుట్టింటివాళ్లు చేయిస్తారు. పుట్టింటి పుస్తె చేయించేటప్పుడు బియ్యం, బెల్లం, కొబ్బరికాయ పట్టుకుని డప్పులతో మాలాంటి అవుసులవాళ్ల, అంటే కంసాలుల, ఇంటికి వస్తారు. పుస్తె తయారయ్యేదాకా కూర్చుని, దాన్ని బియ్యం పళ్లెంలో పెట్టుకుని పోతారు. చుట్టుపక్కల ఊళ్ల ఆడవాళ్ల మెడల్లో బాపు చేతి పుస్తెలు ఎన్నో ఉన్నాయి. జాతరకు పోతే నాయినమ్మ ఎదురొచ్చిన వాళ్ల మెడలు చూసి, "గిది నీ తాత చేసింది, గిది నీ బాపు చేసింది" అని నాకు చెప్పేది.

ఆ చలికాలంలో బంగారం చట్టం వచ్చింది. ఇక మీద పద్నాలుగు క్యారెట్లకు మించిన బంగారంతో ఎవరూ నగ చేయకూడదు. మా ఊరికి ఒక అధికారి జీపులో వచ్చి బాపు చేత ఒక కాగితం మీద సంతకం పెట్టించుకున్నాడు. ఆయనకు తెలుగు రాదు. "సిర్ఫ్ చౌదా. సమఝ్ గయే?" అని రెండు చేతుల వేళ్లూ చూపించి, మళ్లీ నాలుగు వేళ్లు చూపించాడు. చుట్టూ చేరిన పిల్లలు ఆ మాట పట్టుకున్నారు. మరునాటి నుంచి బాపు బజారుకు పోతే వెనుక నుంచి "చౌదా, చౌదా" అని వినిపించేది.

ఎందుకు ఈ చట్టం అని నేను బళ్లో లెక్కల సారును అడగలేదు. నేను బళ్లో ఏమీ అడగను. వేరే పిల్లవాడు అడిగితే విన్నాను. ఒకప్పుడు కొన్ని దేశాల్లో నోటు తీసుకుపోయి ఇస్తే దాని విలువకు బంగారం ఇచ్చేవాళ్లట. ఇప్పుడు ఎవరికీ అట్లా ఇవ్వరు. కానీ ఒక దేశం ఇంకో దేశం దగ్గర సామాను కొనాలంటే మన నోటు చెల్లదు, బంగారమో వాళ్ల డబ్బో కావాలి. చైనాతో యుద్ధం వచ్చి సర్కారు దగ్గర అవి తక్కువ పడ్డాయి. మన జనమేమో బంగారం మీద మోజుతో దొంగచాటుగా బయటినుంచి తెప్పించుకుంటున్నారు. నగలు చేయడం తగ్గితే మోజు తగ్గుతుంది, దేశం గట్టిపడుతుంది. సారు ఇట్లా చెప్పాడు. ఇంటికి వచ్చి బాపుకు చెప్పాను.

"మరి మన పది రూపాయల నోటు పట్టుకపోతే ఏమిస్తరట?" అని బాపు అడిగాడు.

"ఇంకో నోటు ఇస్తరట బాపు."

బాపు చాలా రోజుల తర్వాత నవ్వాడు. నాయినమ్మ మాత్రం నవ్వలేదు. నైజాం రాజ్యం పోయాక ఆ రాజ్యపు హాలి రూపాయలు ఇచ్చి కొత్త సర్కారు రూపాయలు తెచ్చుకోవడానికి ఆమె నిర్మల్ దాకా నడిచిపోయిన మనిషి. "ఏడు తీసుకోని ఆరు చేతుల పెట్టిండ్రు. ఒకటి ఏడికి పోయిందిరా అంటే, గదే లెక్క అన్నరు" అని ఇప్పటికీ అంటుంది. "నోటంటే పసుపు కొమ్ము అసొంటిది బిడ్డా. పుస్తెకు బంగారం దొరకకుంటే తాడుకు పసుపు కొమ్ము కడ్తరు. బంగారం దొరికినంక మార్చుకో అంటరు. కొందరు మార్చుకుంటరు. కొందరు కొమ్ముతోనే కాటికి పోతరు."

చట్టం వచ్చాక మా ఇంటికి వచ్చిన మొదటి పని గంగుబాయి పుస్తె. అంతకు ముందు నుంచే కుంపటి చల్లగా ఉంది. మా మేనమామ కైలాసం కాగజ్‌నగర్‌లో కాగితం మిల్లులో పనిచేస్తాడు. వచ్చి తనతో ఉండమని, గేటు దగ్గర కూలి పని ఇప్పిస్తానని కబురు పంపాడు. బాపు జవాబు చెప్పలేదు. "అవుసులోడు పోయి కాగితం మోస్తడా" అని ఒకసారి మాత్రం కుంపటితో అన్నట్టు అన్నాడు.

అందుకే ఆ రోజు పటేలు వాళ్లు డప్పులతో రాగానే అవ్వ వాకిలి రెండోసారి ఊడ్చింది.

కిష్టవ్వ కొంగు ముడి విప్పి బంగారు గుండ్లు తీసింది. వాళ్ల అత్త మెడలోవి. బాపు వాటిని గీటురాయి మీద గీసి చూసి, "మేలిమి. ఇసొంటి బంగారం ఇప్పుడు రాదు" అన్నాడు. తర్వాత రాగి ముక్క తీశాడు.

"గదేంది?" అంది కిష్టవ్వ.

"రాగి. కలపకుంటే జైలు అన్నరు గదనే, చెప్పిన గద నీకు" అన్నాడు పటేలు. బాపు వైపు తిరిగి మీసం కింద నవ్వాడు. "ఇన్ని దినాలు అవుసులాయన రాగి కలిపితే దొంగ అంటుంటిమి. ఇగ కలపకుంటే దొంగ అంటదట సర్కారు. నీకే మంచిగైంది రామచంద్రం."

"నాకేం మంచిగైంది పటేలా. దొంగతనం నేర్చుకునే వయసు దాటిపాయె."

వాకిట్లో డప్పుల వాళ్లు కూడా నవ్వారు. కిష్టవ్వ నవ్వలేదు. "నల్లవడది గద?" అంది.

"జర రంగు తగ్గుతది. రోజూ పసుపు రాసుకుంటే కనవడది వదినె" అంది అవ్వ.

రాగి మూసలో పడేముందు బాపు చెయ్యి కొంచెంసేపు గాలిలో ఆగింది. నేను చూశాను. తర్వాత ఊదుడుగొట్టం నోట్లో పెట్టుకుని ఊదాడు. కరిగిన దాన్ని పోసి, చల్లార్చి, దాగలి మీద పెట్టి సుత్తెతో కొట్టసాగాడు.

ఆ చప్పుడు నాకు పుట్టినప్పటి నుంచి తెలుసు. మేలిమి బంగారం మీద సుత్తె పడితే పెద్దగా మోగదు, తడి మట్టిని అరచేత్తో తట్టినట్టుంటుంది. ఇది వేరేగా మోగింది. గట్టిగా, ఇనుము మీద ఇనుము పడ్డట్టు. చౌదా బంగారాన్ని మాటిమాటికీ కాల్చి మెత్తబరుస్తూ కొట్టాలని బాపు తర్వాత తెలుసుకున్నాడు. ఆ రోజు ఆయన చేతికి తెలిసింది ఒకటే పద్ధతి. తాత నేర్పిన పద్ధతి. ఒకసారి కాల్చి, కొట్టుకుంటూ పోయాడు.

"నా పుస్తె పెద్దగ మోగుతున్నదే" అని గంగుబాయి నా చెవిలో గుసగుసలాడింది. ఆమెకు అది సంతోషంగా ఉంది.

అప్పుడు చప్పుడు మారింది. టక్కుమంది. బాపు సుత్తె ఆపి, పుస్తెను పటకారుతో ఎత్తి వెలుతురుకు పట్టాడు. అంచు నుంచి లోపలికి వెంట్రుక అంత గీత.

"చీలింది" అన్నాడు బాపు.

మా ఇళ్లలో కొన్ని మాటలు అనరు. బియ్యం అయిపోతే నిండుకున్నాయి అంటారు. దీపం ఆరిపోతే కొండెక్కింది అంటారు. పుస్తెతాడు తెగినా, పుస్తెకు ఏమైనా అయినా పెరిగింది అంటారు. పెరిగింది అనాలి. ఈ సంగతి బాపుకు తెలియక కాదు. అందరికంటే ఆయనకే బాగా తెలుసు. కానీ ఆ ఘడియలో ఆయన చేతిలో ఉన్నది ఆయనకు పుస్తె కాదు, లోహం. లోహం చీలితే అవుసులవాడు చీలింది అనే అంటాడు.

"పెరిగింది అను కొడుకా. పెరిగింది" అంది నాయినమ్మ వెంటనే.

"పెరిగింది" అన్నాడు బాపు.

కిష్టవ్వ అప్పటికే లేచి నిలబడింది. "ముందు అన్నది అన్నవు గదా అవుసులాయన. నోట్లకెళ్లి ఎల్లిన మాట మళ్ల లోపటికి పోతదా?"

"మళ్ల కరిగించి పోస్త వదినె. గడియ సేపు. చీలిక కనవడకుంట..." అన్నాడు బాపు.

"మళ్ల అదే మాట అంటడు" అంది కిష్టవ్వ. ఆమె గొంతు పెద్దది కాలేదు, చిన్నదైంది. "నేను మేలిమి తెచ్చిన. మా అత్త మెడల ముప్పై ఏండ్లు ఉన్న గుండ్లు. దాంట్ల రాగి కలిపి, పగులగొట్టి, నా బిడ్డ మెడల కట్టుమంటవా? నాకు మేలిమి ఇయ్యి. ఇయ్యకుంటే గది నువ్వే పెట్టుకో. గా బంగారం నా గడప లోపటికి రాదు."

పటేలు ఆమె చెయ్యి పట్టుకుని ఏదో చెప్పబోయాడు. ఆమె విదిలించుకుని బయటికి నడిచింది. డప్పుల వాళ్లు కొట్టాలా వద్దా అని పటేలు ముఖం చూశారు. పటేలు తల అడ్డంగా ఊపాడు. డప్పులు చంకన పెట్టుకుని వాళ్లు ఆయన వెంట పోయారు. డప్పు లేకుండా మా ఇంటి నుంచి పుస్తెవాళ్లు పోవడం నేను ఎప్పుడూ చూడలేదు. నా భుజం మీద బరువు లేదు. వెనక్కి తిరిగి చూసేసరికి గంగుబాయి కూడా లేదు.

ఆ తర్వాత ఎవరూ మా ఇంటికి పని పట్టుకుని రాలేదు. చెవిపోగుకు మాటు వేయించడానికి కూడా రాలేదు. ఊట్నూరు దిక్కు గోండులు వెండి కడియాల కోసం వచ్చే కాలం ఇంకా రాలేదు. బావి దగ్గర ఆడవాళ్లు నాకు చోటు ఇచ్చి పక్కకు జరిగేవాళ్లు. నేను ముందు అది మర్యాద అనుకున్నాను. బజారులో ఇప్పుడు చౌదా అనేవాళ్లు లేరు. అంతకంటే చెడ్డ మాట ఉంది, దాన్ని పైకి అనరు, బాపు పోయేదాకా ఆగి అనుకుంటారు. రోడ్డు మీద ఊట్నూరు పోయే జీపు చప్పుడైతే బాపు చల్లటి కుంపటి మీదనే గంప బోర్లించేవాడు.

ఒక పొద్దున అవ్వ డబ్బాలోకి చెయ్యి పెట్టి, "బియ్యం నిండుకున్నయి" అంది.

నేను అన్నం గురించి అనుకోలేదు. ఈ మాటలన్నీ ఎంత నిండుగా ఉంటాయో అనుకున్నాను.

నాయినమ్మ ఆ రోజే బాపును కూర్చోబెట్టింది. "ఇను కొడుకా. ఎల్లుండి గంగుబాయి లగ్గం. గా మెడల నీ చేతి పుస్తె పడితే ఊరు మళ్ల నీ గడపకు వస్తది. పడకుంటే ఇగ ఎవలు రారు. రేపు సర్కారే మళ్ల మేలిమి చేయమన్నా రారు. నువ్వు కాగజ్‌నగర్ పోవుడే."

"మేలిమి ఏడున్నదే అవ్వా నా దగ్గర? వాళ్ల దాంట్లకెళ్లి రాగి విడదీయాలంటే మందు గావాలె, సామాను గావాలె, దుకాణంల అడిగితే పేరు రాసుకుంటరు."

గుమ్మంలో నిలబడి వింటున్న మా అవ్వ మెడలో చేయి పెట్టింది. ఆమెకు కూడా రెండు పుస్తెలు. ఒకటి బాపు వాళ్లది, ఒకటి ఆమె పుట్టింటిది, అవ్వను కన్న తాత కోరుట్లలో చేయించింది. తాడు ముడి విప్పి పుట్టింటి పుస్తె తీసి దాగలి మీద పెట్టింది. తర్వాత వంటింట్లోకి పోయి ఒక పసుపు కొమ్ము తెచ్చి ఆ ఖాళీ చోట కట్టుకుంది.

"ఇగో, నోటు కట్టుకున్న" అంది అవ్వ. ఆమె ఎప్పుడూ నవ్వించే మనిషి కాదు. ఆ ఒక్క మాటకు నవ్వాలో వద్దో మాకు తెలియలేదు.

"దొరికితే జైలు అనసూర్యా" అన్నాడు బాపు.

"ఎవలకు ఎర్క. నువ్వు చెప్తవా?"

మరునాడు నడి మధ్యాహ్నం, ఊరంతా పొలాల్లో ఉన్నప్పుడు, బాపు తలుపులు మూసి కుంపటి వెలిగించాడు. నాయినమ్మ బయట అరుగు మీద రోలు పెట్టుకుని ఎండు మిరపకాయలు దంచింది. లోపల సుత్తె పడినప్పుడల్లా ఆమె రోకలి పడేది. దారిన పోయేవాళ్లు మిరప ఘాటుకు తుమ్ముకుంటూ పోయారు, ఎవరూ ఆగలేదు. నేను లోపలే ఉన్నాను. ఈసారి చప్పుడు నాకు తెలిసిన చప్పుడే. తడి మట్టిని తట్టినట్టు. బాపు భుజాలు దిగాయి. చాలా రోజులుగా ఆయన భుజాలు చెవుల దగ్గర ఉన్నాయని నాకు అప్పుడే తెలిసింది.

పుస్తె తయారయ్యాక దాన్ని పసుపు నీళ్లలో ముంచి తీసి, గుడ్డలో చుట్టి నా చేతిలో పెట్టాడు.

"నువ్వే పో బిడ్డా. నేను పోతే ఊరు చూస్తది. మీ అవ్వ పోతే కిష్టవ్వ కొట్లాడతది. నువ్వు గంగుబాయి దోస్తువు, లగ్గమింటికి పోతే ఎవలు అడగరు. గంగుబాయి చేతికే ఇయ్యి. ఆ పిల్ల అయితే వాళ్లవ్వకు చెప్పుకుంటది. మేలిమి అని చెప్పు."

"బంగారం ఏడిదంటే?"

"పాతది ఇంట్ల ఉండె అను. అబద్ధం గాదు గదా."

నేను పిడికిలి బిగించి, ఆ పిడికిలి మీద కొంగు కప్పుకుని బజారు దాటాను. ఎవరూ నన్ను పిలవలేదు. నా చిన్నప్పటి నుంచి ఎవరూ నన్ను చూడకపోవడం వల్ల ఇంత లాభం ఎప్పుడూ కలగలేదు. పటేలు వాళ్ల ముందు వాకిట్లో పందిరి వేస్తున్నారు. నేను వెనుక దొడ్డి దారిన పోయి తలుపు కొట్టాను. గంగుబాయే తీసింది. ఒంటినిండా నలుగు పసుపు ఉంది, ముఖం కొత్తగా ఉంది. నన్ను చూసి లోపలికి ఒకసారి చూసి, తలుపు సగమే తెరిచి గడపలో నిలబడింది.

నేను పిడికిలి విప్పాను. గుడ్డ విప్పాను. "మేలిమి" అన్నాను. దారి పొడుగునా చెప్పుకుంటూ వచ్చిన మాట అదొక్కటే.

ఆమె చాలాసేపు చూసింది. ముట్టుకోలేదు. "మస్తుగున్నదే" అంది మెల్లగా. "బంగారం ఏడిది?"

"పాతది. ఇంట్ల ఉండె."

"ఇంట్ల ఏడ ఉండె?"

నేను మాట్లాడలేదు. మాట్లాడకపోవడం నాకు వచ్చిన ఒకే విద్య. ఆ ఒక్కసారి అది పనికిరాలేదు.

"సరోజనా" అంది గంగుబాయి. "మీ అవ్వ నిన్న పొద్దుమూకి బాయికాడ కొంగు పట్టుకోని నీళ్లు తోడింది. గాలికి కొంగు లేసింది. కొమ్ము చూసిన నేను."

"కరిగించినంక అది వేరేది గంగూ. బాపు కొత్తగ పోసిండు. చీ..." నాలుక కరుచుకున్నాను. "పెరగలే. మంచిగ వచ్చింది. సుత్తె చప్పుడు నేను విన్న."

"మాటకు వేరేది. మీ అవ్వ మెడలది తీసి నా మెడల ఏసుకుంటే రేపు మీ బాపుకు దగ్గొచ్చినా ఆ నింద నాకే తలుగుతది. ఇగ నాకేమన్న అయితే మీ అవ్వను అంటది ఊరు. మీ బాపును ఇప్పటికే అంటున్నరు." ఆమె కళ్లలో నీళ్లు లేవు. పెద్దవాళ్ల లెక్క మాట్లాడుతున్నది. "తీస్కపో. మీ అవ్వకే మళ్ల కట్టుమను."

"ఇప్పుడది మా అవ్వది గాదు. నీ పేరు చెప్పి పోసిండు. ఎవల పేరు మీద పోసింది వాళ్లే కట్టుకోవాలె."

అది ఆమెకూ తెలుసు. కొంచెంసేపు గడప మీద పసుపు వేళ్లతో గీతలు గీసింది.

"నీకేం కడ్తరు మరి?" అని అడిగాను.

"మా బాపు నిర్మల్‌ల అడిగిండు, ఆర్మూర్‌ల అడిగిండు. అందరు చౌదానే అన్నరు. పుట్టింటి దిక్కు పసుపు కొమ్ము కడ్తరు నాకు. మేలిమి దొరికినంక మార్చుకుందమన్నడు."

"గంగూ, ఇది నువ్వు కట్టుకోకుంటే బాపు కాగజ్‌నగర్ పోతడు. కుంపటి ఉండది ఇగ."

నా జీవితంలో ఒకరి ముందు అంత పెద్ద మాట నేను ఎప్పుడూ అనలేదు. లోపలి నుంచి కిష్టవ్వ, "ఎవలే దొడ్లె?" అని పిలిచింది. గంగుబాయి ముఖం ఆ పిలుపుకు చిన్నపిల్ల ముఖం అయింది. పెండ్లిలో నేను ఆమె వెనుక పళ్లెం పట్టుకుని నిలబడాలని ఎండాకాలం నుంచి అనుకున్నాం.

"ఎవలు లేరవ్వా" అంది లోపలికి. నా వైపు తిరిగి, "పో" అంది.

మా దిక్కు పోయేవాళ్లను పో అనరు. పోయిరా అంటారు. ఆమె ఇంకో మాట కోసం నోరు తెరిచింది. లోపల అడుగుల చప్పుడైంది. పసుపు చేత్తో నా పిడికిలిని పుస్తె మీద మూసి, చెయ్యి వెనక్కి తీసుకుని, తలుపు వేసింది.